దించాక కాసేపు

సెలవు రోజున బస్సు డ్రైవరు ఇంట్లో గొడ్డుమాంసం రోస్టు ఆయన చేతి వంటే. వెల్లుల్లి ఒలవడం, మిరియాలు దంచడం, ముక్కను దారంతో కట్టడం, పొయ్యి దగ్గర నిలబడి తిరగేయడం భార్య వంతు. చొక్కా చేతులు మడిచి ఉప్పు చల్లేది మాత్రం ఆయన.

ఆ రోజు బావమరిది భోజనానికి వచ్చాడు. "నీ చెయ్యి పడితే చాలు బావా!" అన్నాడు వాసన పీలుస్తూ. డ్రైవరు మాంసాన్ని దించి, పైన గుడ్డ కప్పాడు. "అప్పుడే కొయ్యకూడదోయ్. ఇంతసేపూ మంట మీదుంది కదా, కాసేపు విశ్రాంతివ్వాలి. లేకపోతే రసమంతా కారిపోద్ది."

భార్య స్టూలు మీద కూలబడింది.

"అదేంటే, కూర్చున్నావు? గిన్నెలెవరు తోముతారు?"

"పొద్దుట్నుంచీ నేనూ మంట దగ్గరే ఉన్నానండీ. నా మీదా ఓ గుడ్డ కప్పండి."

బావమరిది పడీ పడీ నవ్వాడు. "అక్క భలే మాటకారి బావా!"

ఆమె లేచి గిన్నెలు ముందేసుకుంది.