పది నలభైకి పులి

ఆ రోజుల్లో, అంటే మరీ రాతియుగంలో కాదు, మాస్కులు జేబుల్లోకి వెళ్ళిపోయి అందరినీ మళ్ళీ ఆఫీసులకు రమ్మని మెయిళ్ళు వస్తున్న కొత్తలో, హైటెక్ సిటీలో ఉద్యోగంలో చేరిన ప్రతివాళ్ళూ ఒక గండం దాటాల్సి వచ్చేది. ఇంటర్వ్యూ కాదు, అది అప్పటికే అయిపోయి ఉంటుంది. మొదటి రోజున పదిహేను మందిని ఏసీ గదిలో గుండ్రంగా కూర్చోబెట్టి, "మీ పేరు, మీ ఊరు, మీ గురించి ఒక ఆసక్తికరమైన విషయం చెప్పండి" అనేవారు. ఇరవై రెండేళ్ళకి నా గురించి ఆసక్తికరమైన విషయం ఏముంటుంది చెప్పండి? పుస్తకాలు చదవడం, పాటలు వినడం, మొక్కలు పెంచడం, అన్నీ నా ముందువాళ్ళే వాడేసుకున్నారు. నా పక్క కుర్చీలోని అబ్బాయి గిటారు అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు ఇంకా ఆగకముందే నా వంతు వచ్చింది, నా నోట్లోంచి "ట్రెక్కింగ్" అన్న మాట జారిపోయింది. మాది కోనసీమ. మా ఊళ్ళో అన్నిటికన్నా ఎత్తైన ప్రదేశం కాలువ గట్టు. కొండ అన్నదాన్ని నేను దగ్గరగా చూసింది తిరుపతిలో, అదీ బస్సు కిటికీలోంచి, అమ్మ ఒళ్ళో తలపెట్టి వాంతి ఆపుకుంటూ.

అబద్ధం అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. కానీ మా మేనేజరు గారు ఏ మాటనీ గాలికి పోనిచ్చే మనిషి కాదు. ఆయన్ని మేమంతా ట్రాకర్ గారు అనేవాళ్ళం (ఆయన లేనప్పుడు). ఎవరు ఏ పని చేస్తున్నారు, ఎప్పటికి అవుతుంది, ఎవరి పుట్టినరోజు ఎప్పుడు, ఎవరికి వంకాయ పడదు, అన్నీ ట్రాకర్ అనే ఒక పెద్ద పట్టికలో ఎక్కించి, అయిన పనికి ఆకుపచ్చ, కాని పనికి ఎరుపు రంగు వేసేవారు. అందులో నా పేరు ఎదురుగా 'హాబీ: ట్రెక్కింగ్' అని మొదటి రోజే ఎక్కిపోయింది.

అయిదు నెలలు ఆ గడి జోలికి ఎవరూ వెళ్ళలేదు. ఆరో నెలలో టీం ఔటింగు వచ్చింది. ప్రతి ఏడూ ఊరి బయట ఏదో ఒక రిసార్టు, ఈత కొలను, మధ్యాహ్నం బఫే, సాయంత్రం తంబోలా, ఇదీ ఆనవాయితీ అని నా పక్క సీటు సీనియరు చెప్పాడు. ఆయనది మహబూబ్‌నగర్ వైపు. ఫ్లోరంతా ఆయన్ని 'అన్న' అనే పిలిచేది. "మన సారు సంగతే సమజ్ కాదు" అన్నాడు అన్న. "ప్రతి యేడు గదే దినం ఆయనకు సర్ది వడ్తది. అందరు నీళ్ళల్ల ఎగురుతుంటే తువ్వాల కప్పుకొని కుర్చీల కూసుంటడు." ఏటా సరిగ్గా అదే రోజుకి జలుబేమిటని నేను నవ్వి ఊరుకున్నాను.

మర్నాడు మీటింగులో ట్రాకర్ గారు గొంతు సవరించుకున్నారు. "ఈసారి రిసార్టు వద్దండి. అందరూ అదే చేస్తున్నారు. నల్లమల కొండల్లో గైడుతో ఒక్కరోజు టూరుంది. జీపులో అడవి, తర్వాత నడక, పైన వ్యూ పాయింటు. మనకి ఎక్స్‌పర్టు ఉన్నారు కదండీ, ఆవిడే ప్లాన్ చేస్తారు." తొమ్మిది తలలు నా వైపు తిరిగాయి. నేనూ వెనక్కి తిరిగి చూశాను. గోడ తప్ప ఎవరూ లేరు.

అప్పుడే చెప్పేయొచ్చు కదా అంటారు. చెప్పేదాన్నే. కానీ ఔటింగు శనివారం, నా ప్రొబేషన్ ఆ తర్వాతి సోమవారంతో ఆఖరు. నన్ను పర్మనెంటు చేయాలో, ఇంటికి పంపాలో నింపే ఫారం ఈ ట్రాకర్ గారి చేతిలోనే ఉంది. గిటారు అబ్బాయిని అప్పటికే పంపేశారు. అమ్మ చూస్తే, కంపెనీ కంటే ముందే నన్ను పర్మనెంటు చేసేసి వీధంతా చెప్పుకుంది. 'సార్, చేరిన రోజే మీ అందరికీ అబద్ధం చెప్పాను' అని ఆ మనిషితో ఎలా అనగలను? అందుకని తల ఊపాను. ఫోన్లో అమ్మకి చెబితే, "పులులుండే చోటికి జీతం ఇచ్చి మరీ పంపుతున్నారా?" అంది.

వారం రోజులు నేను పడ్డ పాట్లు పగవాళ్ళకి కూడా వద్దు. గచ్చిబౌలిలో మా లేడీస్ హాస్టల్ అయిదంతస్తులు. వీపున బ్యాగులో రెండు నీళ్ళ సీసాలు వేసుకుని పొద్దున్నే మెట్లెక్కి దిగడం మొదలుపెట్టాను. హాస్టల్ ఆంటీ మూడో రోజు నన్ను ఆపి, "ఏందమ్మా, లిఫ్టు ఖరాబైందా?" అని అడిగింది. లేదంటే నా నుదుటి మీద చెయ్యిపెట్టి చూసింది. ఇక ప్లానింగు మాత్రం అదరగొట్టాను. నాకు వచ్చిన విద్య అదొక్కటే కదా. ఏడు యాభైకి టిఫిను, తొమ్మిదింటికి చెక్‌పోస్టు, తొమ్మిదింబావుకి జీపు, పది పదికి జింకలు, పది నలభై నుంచి పది యాభై అయిదు దాకా పులి, పదకొండుకి నడక, పన్నెండుకి వ్యూ పాయింటులో గ్రూపు ఫోటో. పట్టిక చూసి ట్రాకర్ గారి కళ్ళు చెమర్చాయి. పులికి మరో అయిదు నిమిషాలు కలపమని మాత్రం చెప్పారు.

శనివారం తెల్లవారుతుండగా టెంపో ట్రావెలరు బయల్దేరింది. సెలవు రోజైనా అందరి మెడల్లోనూ ఐడీ కార్డులు వేలాడుతున్నాయి. అలవాటు, ఏం చేస్తాం. చెక్‌పోస్టు దగ్గర రోడ్డుకి అడ్డంగా పొడవాటి కర్ర ఉంది. ఎక్స్‌పర్టుని కాబట్టి నేనే ముందు దిగి చకచకా నడిచి వెళ్ళి, ఏం ఆలోచించకుండా నా కార్డు తీసి ఆ కర్ర పక్కనున్న స్తంభానికి ఆనించి నిలబడ్డాను. ఆఫీసు గేటు దగ్గరలాగా కీచుమని మోగుతుందని ఎదురుచూస్తున్నాను కాబోలు. అక్కడే అరుగు మీద కూర్చున్న పెద్దాయన, మెడలో తువ్వాలు, కాళ్ళకి పాత బూట్లు, లేచి వచ్చాడు. "అది దానంతటదే లేవదు బిడ్డా. తాడు గుంజాలె" అని గుంజి చూపించాడు. ఆయనే మా గైడు. ఆ కొండల్లోనే పుట్టి పెరిగిన చెంచు మనిషి.

నేషనల్ పార్కుకి స్వాగతం అని మావాళ్ళెవరో సెల్ఫీ వీడియోలో అంటుంటే, "పార్కు గాదు సారూ, అడివి. పార్కుల బెంచీలుంటయి" అన్నాడాయన. నేను పెద్దరికంగా మా పట్టిక కాగితం ఆయన చేతికిచ్చాను. కళ్ళకి దూరంగా పట్టుకుని అక్షరం అక్షరం చదివాడు. ఒక వరుస దగ్గర ఆగాడు. "పది నలభైకి పులి" అని పైకే చదివి, నా మొహంలోకి చూసి, ఎంతో మర్యాదగా అడిగాడు. "దానికి చెప్పిన్రా అమ్మా?"

జీపులో రెండు జింకలు, ఒక నెమలి, లెక్కలేనన్ని కోతులు కనిపించాయి. పది నలభైకి జీపు ఆపించి అందరం ఇరవై నిమిషాలు ఊపిరి బిగబట్టి కూర్చున్నాం. పులి రాలేదు. ట్రాకర్ గారి మొహంలో ఎరుపు గడి కనిపించసాగింది. నడక మొదలైంది. నన్ను అందరికన్నా ముందు నిలబెట్టారు. పది అడుగులు వేశామో లేదో, మొసలి వీపులా పగుళ్ళున్న పెద్ద మాను చూపించి, "ఇదేం చెట్టండీ?" అని అడిగారు ట్రాకర్ గారు. నాకు తెలిసిన అడవి చెట్టు పేరు ఒకటే. "టేకు సార్" అన్నాను గట్టిగా. గైడు పెద్దాయన ఒక్క క్షణం ఆగి, "అమ్మ దాని ఎన్కదాన్ని చూపిస్తున్నది సారూ. అది టేకు. ముంగటున్నది నల్లమద్ది" అన్నాడు. నేను వెంటనే నా వేలిని కొంచెం పక్కకి జరిపాను.

ఇలా కాపాడేవాళ్ళుంటే మనిషికి బుద్ధి రావాలి. నాకు ధైర్యం వచ్చింది. కొంచెం ముందుకెళ్ళాక మెత్తటి మట్టిలో పంజా గుర్తులు కనిపించాయి. నేను మోకాళ్ళ మీద కూర్చుని, వేళ్ళతో కొలిచి, "పులే. పొద్దున్నే వెళ్ళినట్టుంది" అని ప్రకటించాను. అందరూ ఫోటోలకి ఎగబడ్డారు. ట్రాకర్ గారు జేబులోంచి పట్టిక తీసి పులి గడి మీద పెన్నుతో టిక్కు పెట్టేశారు. పెద్దాయన వంగి చూసి తల గోక్కున్నాడు. ఈసారి ఆయన వల్ల కూడా కాలేదు. "పొద్దుగాల పోయింది నిజమే గని, గోర్లు కనవడుతున్నయి గదమ్మా. పులి గోర్లు లోపల్కి ముడుసుకొని నడుస్తది. ఇది చెక్‌పోస్టు కాడి కుక్కది." అన్న నవ్వాపుకోలేక పక్కనున్న చెట్టు వెనక్కి పోయాడు. ట్రాకర్ గారు పెన్ను మూత మళ్ళీ తీశారు. పెట్టిన టిక్కుని కొట్టేశారంతే. సోమవారం ఫారం కూడా అలాగే కొట్టేస్తారని నాకు తెలిసిపోయింది.

వ్యూ పాయింటులో రెండు నిలువుల ఎత్తు బండరాయి ఉంది. గ్రూపు ఫోటో దాని మీదే. పోయిన పరువు తిరిగి తెచ్చుకోవాలని అందరికన్నా ముందు ఎక్కేశాను. ఎక్కడం ఎంత తేలికో అప్పుడే తెలిసింది. ఫోటో అయింది, అందరూ దిగిపోయారు. నేను దిగుదామని ఒకసారి కిందికి చూశాను. లోయ, లోయ కింద ఇంకో లోయ, దాని అడుగున ఆకుపచ్చగా ఏదో. ఒక్క అడుగు కూడా వేయలేక అక్కడే నిలబడిపోయాను. "రండి, లంచ్ టైం అయిపోతోందండీ" అని కింది నుంచి ట్రాకర్ గారి కేక. "మీరు పదండి సార్, నేను కాసేపు ప్రకృతిని చూసి వస్తాను" అన్నాను. పెద్దాయన మెల్లగా పైకెక్కి వచ్చి నా పక్కన కూర్చున్నాడు. తువ్వాలుతో మొహం తుడుచుకున్నాడు. తర్వాత, "మంచిగ చూడు బిడ్డా. గని కండ్లు మూసుకొని ఏం చూస్తున్నవ్?" అన్నాడు.

నాకు ఏడుపొచ్చేసింది. "నేనెప్పుడూ కొండెక్కలేదు తాతా" అన్నాను. ఆరు నెలల్లో మొదటిసారి ఆ మాట పైకి అన్నాను. "నాకెర్కే. బండను వట్టుకోకుంట ఫోను వట్టుకొని ఎక్కినవ్ గద" అన్నాడాయన. "కూసో. కూసోని జారు. నేను ముంగట ఉంట." "అందరూ చూస్తున్నారు తాతా." "చూడనీ. పులిని చూద్దామనే వచ్చిన్రు. అది ఎట్లాగు రాలే." అలా, కొత్త ట్రాక్ ప్యాంటు చిరుగుతున్న చప్పుడు వింటూ, ఆయన భుజం పట్టుకుని, తొమ్మిది మంది ముందు కూర్చుని జారుకుంటూ దిగాను. చివరి అడుగు దగ్గర ఆగిపోయి సిగ్గుతో తల దించుకుంటే, "కూసోని దిగినా దిగినట్టే బిడ్డా" అన్నాడు. ఆ మాటతో నిలబడి నేరుగా ట్రాకర్ గారి దగ్గరికి వెళ్ళాను. "సార్, నాకు ట్రెక్కింగ్ రాదు. మొదటి రోజు అందరూ ఏదో ఒకటి చెబుతుంటే నేనూ చెప్పేశాను. సారీ సార్" అన్నాను.

ఆయన వాచీ చూసుకుని నడక మొదలుపెట్టారు. ఉద్యోగం పోయిందనుకున్నాను. అమ్మకి ఏం చెప్పాలో మాటలు కూడబెట్టుకుంటూ వెనకే నడిచాను. మిగతావాళ్ళు కాస్త ముందుకి వెళ్ళాక, ఆయన అటూ ఇటూ చూసి గొంతు తగ్గించారు. "నేను చేరినప్పుడు ఈత అని చెప్పానండి." నాకు వెంటనే అర్థం కాలేదు. "నీళ్ళంటే నాకు ప్రాణభయమండి. పదకొండేళ్ళ నుంచీ జలుబుతోనే నెట్టుకొస్తున్నాను. ఇంక ఆ తువ్వాలు కప్పుకోలేకే ఈసారి కొండలన్నాను." ఇద్దరం ఒకళ్ళనొకళ్ళం చూసుకుని నవ్వడం మొదలుపెడితే కడుపు పట్టుకుని దారి పక్కన కూర్చోవాల్సి వచ్చింది. (ఆయన ఇప్పుడు వేరే కంపెనీలో ఉన్నారు కాబట్టి ఈ మాట రాస్తున్నాను. జలుబు తగ్గిందో లేదో తెలియదు.)

సోమవారం పర్మనెంటు అయ్యాను. ఫారంలో 'బలాలు: ప్లానింగ్' అనీ, 'మెరుగుపడాల్సినవి: దిగడం' అనీ రాశారు. దిగడమంటే ఏమిటని హెచ్ఆర్ నుంచి ఫోన్ చేసి అడిగితే, అది మా ప్రాజెక్టులో టెక్నికల్ విషయమని చెప్పాను.

ఇప్పుడు ఆయన కుర్చీలో నేనున్నాను, ట్రాకర్ కూడా నా చేతికే వచ్చింది. నెల క్రితం కొత్తగా చేరిన ఒక అమ్మాయి, తన వంతు వచ్చేసరికి ఐడీ కార్డు తాడుని వేలికి చుట్టుకుంటూ, "గుర్రపు స్వారీ" అంది. అందరూ చప్పట్లు కొట్టారు, అందరికన్నా గట్టిగా నేనే కొట్టాను. ఆ బండరాయి మీద కళ్ళు మూసుకుని ప్రకృతిని చూస్తూ నిలబడిన పిల్ల గుర్తొచ్చింది. ఎంత పిచ్చిదో పాపం, ఎంత భయపడిందో అనిపించి దాని మీద ప్రేమ పొంగుకొచ్చింది. వచ్చే వారం మా టీం ఔటింగు. మావాళ్ళు వికారాబాద్ వైపు ఏదో ఫాంహౌసు చూశారు, చాలా బాగుందట, గుర్రాలు కూడా ఉన్నాయట. నేను వద్దని వేరే చోటు వెతికాను. ఒకటికి రెండుసార్లు ఫోన్ చేసి కనుక్కున్నాను. అక్కడ గుర్రాలు లేవు.