మార్తమ్మ పక్కన కూర్చున్న క్రిస్టీనా

మా తమ్ముడి కూతురు క్రిస్టీనా తీసిన మొదటి డాక్యుమెంటరీకి 2019లో కేరళలో ఉత్తమ చిత్రం బహుమతి వచ్చింది. అంతకుముందు పదకొండు చోట్ల కాదన్నారు. రైళ్లలో చప్పట్లు కొట్టి డబ్బులడిగే హిజ్రాలు ఇంటికెళ్లాక ఎలా బతుకుతారో చూపిన ఇరవై రెండు నిమిషాల చిత్రం అది. రాజోలు చుట్టుపక్కల అలాంటి బహుమతి తెచ్చిన ఆడపిల్ల ఇంకెవరైనా ఉన్నారా అని చాలామందిని అడిగాను. ఇంతవరకు ఎవరూ చెప్పలేదు.

నేను ఊరి బడిలో ఎనిమిది దాకా చదివినవాణ్ణి. మా ఇంట్లో మొదటి డిగ్రీ క్రిస్టీనాదే. తర్వాత ఇంకో రెండు చిత్రాలు తీసింది. ఒకటి ఢిల్లీలో, ఒకటి ఢాకాలో వేశారు. ఆ కాగితాలన్నీ లామినేషన్ చేయించి ఉంచాను.

నాలుగోది మా ఊరి మార్తమ్మ గురించి. బాప్తిస్మం పుస్తకంలో మగపిల్లాడని రాశారు ఆమెను. ఇప్పుడు నలభై దాటాయి. చీర కట్టుకుంటుంది, జాకెట్లు కుడుతుంది. మా చర్చిలో మగవాళ్లు కుడివైపు, ఆడవాళ్లు ఎడమవైపు చాపల మీద కూర్చుంటారు. మార్తమ్మ పదిహేనేళ్లుగా గుమ్మం బయట, చెప్పుల పక్కన కూర్చుని ఆరాధన వింటోంది. క్రిస్టీనా హైదరాబాదు నుంచి నెలనెలా వచ్చి, రెండేళ్లు కెమెరాతో ఆమె పక్కనే కూర్చుంది.

తీరా చిత్రం పూర్తయ్యాక, ఊళ్లో చూపిద్దామంటే మార్తమ్మ ఒప్పుకోలేదు.

"అందులోనూ గుమ్మం దగ్గరే కదమ్మా ఉంటాను. ఆ మాత్రం దానికి సినిమా ఎందుకు? ప్రతి ఆదివారం చూస్తానే ఉన్నారుగా."

ఆమె సరే అనందే ఎక్కడా వెయ్యనని క్రిస్టీనా ఆపేసింది.

"అలిసిపోయానండి పెదనాన్నగారూ," అంది నాతో. "సంఘ పెద్ద మీరే కదా. ఆమెను లోపల కూర్చోనిస్తారేమో సంఘాన్ని ఓ మాట అడగండి."

"ఆయ్, అడుగుతాను," అన్నాను.

అడిగాను. మగవాళ్లు ఆడవాళ్లని అడగమన్నారు. ఆడవాళ్లు, మగవాళ్లు ఒప్పుకుంటే చూద్దామన్నారు. మూడు మీటింగులు అలాగే అయ్యాయి. వాళ్లననడం దేనికి, పదిహేనేళ్లూ నేనూ ఆ గుమ్మం తల తిప్పకుండానే దాటాను.

నాలుగో మీటింగులో నా భార్య సుగుణ లేచింది.

"ఇక్కడున్న ఆడాళ్లందరి కొలతలూ ఆవిడ దగ్గరున్నాయండి. కొలతలిచ్చినప్పుడు లేని సిగ్గు, పక్కన కూర్చుంటే వచ్చేస్తుందా? నా చాప మీద చోటుంది."

"మీ చాప, మీ ఇష్టమండి అక్కయ్యగారూ," అన్నాడు మగవాళ్లలోంచి కేశవరావు. ఇంకెవరూ కాదనలేదు. దాన్నే తీర్మానంగా రాసి సంతకాలు పెట్టించాను.

వెళ్లి చెబితే మార్తమ్మ కుట్టుమిషను ఆపలేదు.

"క్రిస్టీనమ్మని రానివ్వండి. రెండేళ్లు నాతోపాటు చెప్పుల దగ్గర కూర్చుంది. ఇద్దరం కలిసే లోపలికొస్తాం."

క్రిస్టీనా ఇప్పుడు ఇంఫాల్‌లో ఇంకో చిత్రం పనిలో ఉంది. ఫోనులో చెప్పాను. మర్నాడు టికెట్టు ఫోటో పంపింది. ఆదివారం ఆరాధనకి ముందురోజు దిగుతుంది: 2025 నవంబరు 29, శనివారం.