ఏ చెయ్యి ఎవరిది?

జీవశాస్త్రం మేడమ్‌కి కోపం ముక్కుమీదే ఉంటుంది. కోపమొస్తే అరవదు, అద్దంలా మెరుస్తున్న ల్యాబు బల్లనే స్పిరిటుతో మళ్ళీ బరబరా రుద్దుతుంది. యూనివర్సిటీలో ఎవరూ తీసుకోని మైనారిటీ పిల్లల్ని ఏరికోరి తెచ్చుకుని, మంచి మైక్రోస్కోపు ముందు మొదట వాళ్ళనే కూర్చోబెడుతుంది. "వెనకాల నిలబడితే మెడనొప్పి వస్తుందిగానీ చదువు రాదమ్మా" అంటుంది.

మొన్న ల్యాబులో పెంచుతున్న కణాలకి బూజు పట్టింది. డిపార్ట్‌మెంటు హెడ్డు గుమ్మంలోంచే తీర్పు చెప్పేశాడు. "ఇంకెవరు? మీవాళ్ళ చేతులే. శుభ్రమన్నది వాళ్ళకి ఇంటా వంటా ఉంటేగా!" పిల్లలు తలలు దించుకున్నారు. "తలెత్తండి" అంది మేడమ్. సూక్ష్మజీవులు మొలిచే జెల్లీ పోసిన గాజు పళ్ళేలు తెచ్చి, అందరిచేతా వేళ్ళు అద్దించింది, హెడ్డుచేత కూడా. ఎవరి పేరు వాళ్ళే పళ్ళెం అడుగున రాశారు. మూడోనాడు వాటన్నిటినీ ఆయన బల్లమీద పరిచి, "మావాళ్ళవేవో ఏరండి సార్" అంది. ఆయన తడుముకోకుండా, అన్నిటికన్నా అసహ్యంగా బూజుపట్టినదాన్ని వేలెత్తి చూపించాడు. ఆమె తిరగేసింది. అడుగున ఆయన దస్తూరీతోనే ఆయన పేరు ఉంది. ఆయన మొహం కందగడ్డయింది. "మీవాళ్ళే ఎవరో మార్చేసుంటారు!" అన్నాడు. మేడమ్ స్పిరిటు సీసా మూత తీసి, ఆయన బల్ల రుద్దడం మొదలుపెట్టింది.