అన్నయ్య జాయ్‌స్టిక్

దయ్యాల కబుర్లు చెప్పేవాళ్లతో పెళ్లిళ్లలో కూడా గొడవ పెట్టుకున్నదాన్ని నేను. ఫిజిక్స్ చదివాను. ఇది చదివి నాకు తాయెత్తులు కట్టుకోమని చెప్పకండి.

మా నాన్న, ఆయన తర్వాత అన్నయ్య, గుంటూరు మిర్చి యార్డులో దళారీలు. అక్కడ తువ్వాలు చాటున వేళ్లు నొక్కి బేరం చేస్తారు. చిన్నప్పుడు అన్నయ్యా నేనూ దాన్ని మాకు కావలసినట్టు మార్చుకున్నాం. ఒక పొడుగు నొక్కు అంటే సరే. రెండు పొట్టి, ఒక పొడుగు అంటే వద్దు. ఎవరికీ చెప్పకూడదని ఒట్టు.

ఆసుపత్రిలో ఆపరేషన్ చేయించమంటావా అని అడిగితే, నోట్లో గొట్టంతో మాట్లాడలేని అన్నయ్య దుప్పటి కింద నా వేలు నొక్కాడు. ఒకటే నొక్కు, పొడుగ్గా. వద్దన్న బంధువులందరితో పోట్లాడి ఆపరేషన్ చేయించాను. లోపలే పోయాడు. ఆ ఒక్క నొక్కును పట్టుకునే ఇన్నాళ్లూ నిద్రపోయాను.

సంవత్సరీకం అయ్యాక వదిన అతని జాయ్‌స్టిక్ నాకిచ్చింది. ఆదివారాలు చిలకలూరిపేటలో వాళ్లింట్లో దాంతోనే బైకు రేసు ఆడేవాళ్లం. కంపెనీ పేరైనా లేని సరుకు. మా కంప్యూటర్‌కు పెడితే లైటు వెలిగింది గానీ, ఆట దాన్ని పట్టించుకోలేదు. మధ్య బటన్ నొక్కి పట్టుకుంటే మోడ్ మారుతుందని నెట్‌లో చదివి అలాగే చేశాను. మారింది. బటన్లు పరీక్షించే విండో తెరిచాను.

మిట్టమధ్యాహ్నం. జాయ్‌స్టిక్ టేబుల్ మీద, నా చేతులు ఒళ్లో. తెర మీద, ఎవరో బటన్ నొక్కినట్టు ఎర్ర చుక్క వెలిగింది. పొట్టిగా, పొట్టిగా, పొడుగ్గా. ఆగింది. మళ్లీ అదే.

విప్పి చూశాను. బటన్ల కింద కారం దుమ్ము. యార్డు నుంచి వచ్చిన చేతులు కదా. తుమ్ముకుంటూ తుడిచి బిగించాను. మళ్లీ అదే వరస. ఇరుక్కున్న బటన్ అయితే వెలిగే ఉండాలి. ఇలా ఆగి ఆగి చెప్పదు.

వదిన దగ్గరికి వెళ్లి, ఏమీ చెప్పకుండా ఆమె వేలు పట్టుకుని అలాగే నొక్కాను.

"వద్దని కదా," అంది.

పెళ్లయిన కొత్తలోనే నేర్పాడట. ఆసుపత్రిలో తన చేతిలో నొక్కిందీ అదేనట.

"అప్పుడే చెప్పొచ్చుగా వదినా?"

"నువ్వు చెప్పనిస్తేగా. ఆయనా అంతే. నీతో వాదించే ఓపిక లేక నీకు సరే అని ఉంటారు."

లేచి ఇంటికొచ్చి జాయ్‌స్టిక్‌ను మళ్లీ కంప్యూటర్‌కు పెట్టాను.

ఇప్పుడా జాయ్‌స్టిక్ బుద్ధిగా పనిచేస్తోంది. తనంతట తాను మళ్లీ వెలగలేదు. ఆ రోజు దాన్ని ఎవరు నొక్కారో నాకు తెలియదు. చేతిలో చెయ్యి పెట్టి అన్నయ్య నాకెందుకు అబద్ధం చెప్పాడో, అదీ తెలియదు.