నార్వే నిశ్శబ్దంలో నా పెన్సిల్ గుర్తులు

సింగపూర్‌లో ఒక సింఫనీ వాద్యబృందానికి నేను మ్యూజిక్ లైబ్రేరియన్‌ని. ఈ సంగతి జరిగింది ఐటీ బూమ్ రోజుల్లో, రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో. అప్పటికి నా సర్వీసు పద్దెనిమిదేళ్లు. వాద్యకారుల ముందు స్టాండ్ల మీద ఎవరి భాగం వాళ్లకు రాసిన కాగితాలుంటాయి. వాటిని పార్ట్స్ అంటారు. అవి తెప్పించడం, తప్పులు దిద్దడం, కచేరీ అయ్యాక పెన్సిల్ గుర్తులు చెరిపి ప్రచురణ సంస్థకు తిప్పి పంపడం నా పని. అన్నేళ్లలో మా ప్రోగ్రామ్ పుస్తకంలో పియానో శ్రుతి చేసేవాడి పేరు వేశారు, విరామంలో పళ్లరసం పోసిన కంపెనీ పేరు వేశారు. నా పేరు మాత్రం వెయ్యలేదు. అడిగిన ప్రతిసారీ తేదీ రాసిపెట్టుకున్నాను.

ఆ ఏడాది నార్వే స్వరకర్త ఒకాయన మాకోసం కొత్త రచన చేశాడు. ఆయన పేరు రాయను. ఆయన నా పేరు రాయలేదు కాబట్టి. వయసులో ఉండగా ఆయన సంగీతంలో ఎనభై మంది ఒకేసారి ఎనభై రకాలుగా వాయించేవారు. బహుమతులు వచ్చాయి, వినేవాళ్లు రాలేదు. తర్వాత కొన్నేళ్లు ఒక చిన్న ఊరి చర్చిలో ఆర్గన్ వాయించి, స్వరాలు తీసేయడం మొదలుపెట్టాడు. ఒక స్వరం, చాలాసేపు ఏమీ లేదు, మళ్లీ ఒక స్వరం. స్వరాలు తగ్గేకొద్దీ పేరు పెరిగింది, సినిమాలవాళ్లు కూడా వెంటపడ్డారు. మాకు రాసినదాని నడుమ పూర్తి నిశ్శబ్దం పదకొండు బార్లు, అంటే పదకొండు తాళావర్తాల సేపు. రచనకు ప్రాణం అదేనని ఉత్తరంలో రాశాడు.

"అంకుల్, ఆయన దగ్గర్నుంచి కంప్లయింట్ రాకపోతే నెక్స్ట్ ప్రోగ్రామ్‌లో మీ పేరు. ప్రామిస్ లా," అంది మేనేజర్ మిస్ టాన్, సింగపూర్ యాసలో. తేదీ రాసుకున్నాను.

పార్ట్స్ కంప్యూటర్‌లో తయారుచేసే పని పాయా లేబర్ పేటలోని ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీకి ఇచ్చారు. అక్కణ్నుంచి ఇంతియాజ్ వచ్చాడు, హైదరాబాదు కుర్రాడు. వాయిస్తూ పేజీ తిప్పలేరు కనుక పేజీ చివర విరామం పడాలని అతనికి నేనే చెప్పాను. తెచ్చిన పార్ట్స్ చూస్తే, తీగవాద్యాల వాళ్లందరి పేజీలూ ఒకేచోట ముగిశాయి. సరిగ్గా ఆ నిశ్శబ్దం మొదట్లో.

"ఇదేంటయ్యా?"

"అరె అంకుల్, విరామం కావాలని మీరే అన్నరు గద. అందరికీ విరామం ఉన్న జాగ అదొక్కటే. సాఫ్ట్‌వేర్ సెకండ్ల పట్టేసింది."

"ముప్ఫై స్టాండ్ల మీద ఒకేసారి కాగితం తిరిగితే ఇంక నిశ్శబ్దం ఎక్కడుంటుంది?"

"కాగితానికి ఏం సప్పుడుంటది అంకుల్, ఫికర్ చెయ్యకుండ్రి."

మిస్ టాన్‌కు లిఖితపూర్వకంగా తెలియజేశాను. నా ఫొటోకాపీల పని నన్ను చూసుకోమంది. తేదీ రాసుకున్నాను. వారం కూర్చుని కత్తిరించి, అతికించి, సరైన పార్ట్స్ ఇంకో సెట్టు చేసి బీరువాలో పెట్టాను. రిహార్సల్ రోజు మాత్రం ఇంతియాజ్ సెట్టే స్టాండ్ల మీద సర్ది, బీరువా తాళంచెవి జేబులో వేసుకుని ముందువరసలో కూర్చున్నాను. వాళ్లు నా దగ్గరికి పరుగెత్తుకు రావాలి. అదీ నా కోరిక.

నిశ్శబ్దం వచ్చింది. హాలంతా బర్రుమంది. నార్వే నుంచి వచ్చి రిహార్సల్ తానే నడిపిస్తున్న స్వరకర్త చెయ్యెత్తాడు. నేను లేచి నిలబడ్డాను.

"మళ్లీ," అన్నాడాయన.

మూడుసార్లు తిప్పించాడు. మంచు మీంచి పక్షులు లేచినట్టుందట. ఇదే ఉంచాలన్నాడు. నేను కూర్చున్నాను.

అయితే ఒకేసారి తిరిగితే మోటుగా ఉందన్నాడు, ఏం చెయ్యాలో మాత్రం ఆయనకు తోచలేదు. వెనక స్టాండ్ల నుంచి ముందుకు, డబుల్ బేస్‌లు ఆఖరున, ఒక్కో స్టాండు కొంచెం ఆగి తిప్పితే అలలా వస్తుందని చెప్పింది నేను. ఎవరి తర్వాత ఎవరో ప్రతి పార్ట్‌లో పెన్సిల్‌తో రాసిందీ నేనే. ఆయన తల ఊపాడు. కచేరీనాడు వేదికెక్కి, ఈ అద్భుతాన్ని కనిపెట్టిన ఇంతియాజ్‌కూ అతని సాఫ్ట్‌వేర్‌కూ కృతజ్ఞతలు చెప్పాడు.

"కంప్లయింట్ రాలేదుగా, మరి నా పేరు?" అని మిస్ టాన్‌ను అడిగాను.

"అది కంప్యూటర్ సక్సెస్ కదా అంకుల్."

పార్ట్స్ ఇక్కడే తయారైనా వాటి సొంతదారు ప్రచురణ సంస్థే. వాళ్లతో అద్దె ఒప్పందంలో స్పష్టంగా ఉంది: తిప్పి పంపే ముందు పెన్సిల్ గుర్తులన్నీ చెరపాలి. మామూలుగా నెల పడుతుంది. ఈసారి రెండు రోజుల్లో ముగించాను. పార్ట్స్ తెల్లగా మెరిశాయి.

మూడు వారాలకు మిస్ టాన్ నా గదికి వచ్చింది. ఆమె నా గదికి రావడం అదే మొదలు. వెనక ఇంతియాజ్.

"అంకుల్, రచన మొత్తం స్కోర్‌గా అచ్చు వేస్తున్నారు. పేజీలు తిప్పే వరస అడుగుతున్నారు. ఎందుకు చెరిపారు?"

ఒప్పందం తీసి చూపించాను.

"సాఫ్ట్‌వేర్‌ల దొర్కలే అంకుల్," అన్నాడు ఇంతియాజ్, నేల చూస్తూ.

"మీకు గుర్తుందా లేదా?" అంది ఆమె.

"నాకు అన్నీ గుర్తుంటాయమ్మా," అని తేదీల పుస్తకం ముందుకు జరిపాను. పద్దెనిమిదేళ్లవీ ఆమె నిలబడే చదివింది.

తర్వాతి ప్రోగ్రామ్‌లో నా పేరు వచ్చింది, పియానో శ్రుతి చేసేవాడి కింద, అతనికన్నా చిన్న అక్షరాల్లో. స్కేలు పెట్టి కొలిచాను. వరస ఆ మర్నాడే పంపాను. అచ్చయిన స్కోర్‌లో కృతజ్ఞతలు మాత్రం ఇంతియాజ్‌కే ఉన్నాయి.

ఈ వృత్తిలోకి వచ్చేవాళ్లకు నేను చెప్పేది ఇంతే. పార్ట్స్ మీద ఏది రాసినా నకలు ఒకటి మీ దగ్గర ఉంచుకోండి. చెరిపే పని ఎవరికీ అప్పగించకండి.