కోకాపేట గోతిలో ఎర్ర గీత

రెండో లాక్‌డౌన్ ఎత్తేసిన మరుసటి ఏడాది, వానలకు కాస్త ముందు, కోకాపేటలో కడుతున్న ఒక ఆఫీసు టవరుకు నన్ను పీర్ రివ్యూయర్‌గా వేశారు. అప్పటికి నేనొక ప్రైవేటు కన్సల్టెన్సీలో చీఫ్ జియోటెక్నికల్ ఇంజనీరుని. సైట్ల మీద మమ్మల్ని మట్టి ఇంజనీర్లంటారు, నాకు ఆ పేరే నచ్చుతుంది. పీర్ రివ్యూయర్ అంటే ఇతరులు వేసిన లెక్కలు చూసి తప్పొప్పులు చెప్పేవాడు. చెప్పడం వరకే. పని ఆపే అధికారం ప్రాజెక్టు మేనేజరు సంతకానికి ఒక్కదానికే ఉంటుంది. పెళ్ళివారింట్లో పెద్ద ముత్తైదువకు చేసినంత మర్యాద మాకూ చేస్తారు గానీ, వంట ఏం చెయ్యాలో ఆవిడనెవరూ అడగరు.

టవరు కింద ఐదు సెల్లార్లు. అంత లోతు తవ్వేముందు గోతి అంచున పైల్స్ అనే కాంక్రీటు స్తంభాలను దడిలాగా వరసగా నేలలోకి దించుతారు. దాన్ని షోరింగ్ అంటాం. లోపలి మట్టి తీస్తున్నకొద్దీ వెనక మట్టి తోసి, దడి గోతివైపు కొద్దిగా వంగుతుంది. వంగడం తప్పేమీ కాదు, ఎంత వంగిందన్నదే మా బాధ. అది కొలవడానికి దడి వెనక నేలలో లోతైన గొట్టం దించి, అందులో సెన్సర్లు వేలాడదీస్తాం. దాన్ని ఇంక్లినోమీటరు అంటారు.

మా గొట్టాల్లో ఒకటి పక్కనున్న పాత మూడంతస్తుల అపార్ట్‌మెంటు పెరట్లో పడింది. ఆ అపార్ట్‌మెంటు వాచ్‌మన్ యాదయ్య, అతని భార్య అంజమ్మ ఉండే రేకుల గది ప్రహరీకి ఆనుకునే ఉంది. గది వెనక నాలుగడుగుల జాగా, అందులో మా గొట్టం, దాని అవతల ప్రహరీ, ఆ అవతల గొయ్యి. నేల మీదికి కాస్త పొడుచుకొచ్చిన గొట్టానికి ఇనప టోపీ పెట్టాం. అంజమ్మ ఆ టోపీకి నైలాన్ తాడు కట్టి బట్టలారేసేది. మేం వారానికోసారి తనిఖీకి వెళ్ళినప్పుడల్లా తాడు విప్పాల్సి వచ్చేది, ఆవిడ విసుక్కునేది.

"ఏంది సార్, వారం వారం వచ్చి మూత తీసి చూస్తరు. లోపట దేవుడేమన్న ఉన్నడా? ఉంటే నా మొక్కు గూడ జర చెప్పుండ్రి" అనేది. వాళ్ళది పాలమూరు వైపు పల్లె. ఊళ్ళో పని లేక వచ్చారు. యాదయ్య గేటు చూసేవాడు, ఆవిడ నాలుగు ఫ్లాట్లలో పాచిపని చేసేది. గదికి కిరాయి లేదు, అందుకే జీతం తక్కువ. గది పోతే ఉద్యోగమూ పోయినట్టే.

గొడవ మొదలైంది తెరమీద. సెన్సర్ల లెక్కలు చూసే పని మాదాపూర్‌లోని ఒక డేటా కంపెనీది. స్వప్న అనే అమ్మాయి వాళ్ళ టీమ్ లీడ్, స్టాటిస్టిక్స్ చదివింది, చురుకైన పిల్ల. సైటు ఆఫీసులో ఆమె పెట్టిన తెర మీద పచ్చటి అక్షరాలతో 'ఫెయిల్యూర్స్: సున్నా' అని వెలుగుతుండేది. ప్రాజెక్టు మేనేజరు కిషన్‌రావు గారు యజమానులు వచ్చినప్పుడల్లా వాళ్ళను ఆ తెర ముందుకు తీసుకుపోయి నిలబెట్టేవారు. నాకు ఒళ్ళు మండింది. ఆ సున్నా ఎక్కణ్ణుంచి వచ్చిందని స్వప్నను అడిగితే, "అన్ని సెన్సర్లూ డేటా పంపుతున్నాయి సార్, ఒక్కటీ ఫెయిల్ కాలేదు" అంది. ఆమె శాస్త్రంలో అది ముమ్మాటికీ నిజం. కొలిచే పరికరం మూగబోతేనే వాళ్ళకు ఫెయిల్యూర్.

స్ట్రక్చరల్ కన్సల్టెంటు రఘురాం గారిని అడిగాను. ఆయన పైల్స్ రూపకర్త, నాకంటే చిన్నవాడు, లెక్కలో దిట్ట. కాంక్రీటు పగిలినా, లోపలి ఇనుము సాగి బరువు మొయ్యలేకపోయినా ఫెయిల్యూర్ అన్నారు. మా మట్టివాళ్ళకు ఇదేదీ కాదు. మట్టి తనకున్న బలమంతా వాడేసుకుని, ఇక ఇవ్వడానికేమీ లేని స్థితికి వస్తే అది ఫెయిల్ అయినట్టే. పైన గడ్డి కూడా కదలకపోవచ్చు, గోడ నిటారుగానే ఉండొచ్చు. ముగ్గురం ఒకే గోతిని చూస్తూ, ఒకే మాట పలుకుతూ, నక్కకూ నాకలోకానికీ ఉన్నంత దూరంలో ఉన్నాం.

నేను కోపిష్టిని. ఆ వారమే మీటింగు పెట్టించి, 'ఫెయిల్యూర్' అన్న మాటను సైటు మీద ఎవరూ వాడటానికి వీల్లేదన్నాను. వాడితే ఏ అర్థంలో వాడుతున్నారో ముందు చెప్పి వాడాలి. దాని బదులు అందరికీ ఒకే అర్థమయ్యే కొలత పెట్టుకుందామన్నాను. దడి ఇరవై మిల్లీమీటర్లు వంగితే పసుపు గీత, జాగ్రత్తపడాలి. ముప్పైకి ఎర్ర గీత, తవ్వకం ఆపి వెనక మట్టిని గట్టిపరచాలి. రఘురాం గారు ఒప్పుకున్నారు. స్వప్న తెర మార్చింది, ఆ సున్నాను ఒక మూలకు జరిపి దాని పక్కన 'సెన్సర్' అని చేర్చింది. అందరం సంతకాలు పెట్టాం. ఆ సాయంత్రం చందానగర్‌లో మా ఇంటికెళ్ళి, ఇన్నేళ్ళ సర్వీసులో ఒక మంచి పని చేశానని మా ఆవిడతో గొప్పగా చెప్పాను. ఆవిడ "భోజనానికి లేవండి" అంది.

వానలు పట్టాయి. కొలత పసుపు దాటి ఎరుపు దగ్గరికొచ్చింది. అప్పుడు మా వృత్తిలో ఉన్న ఒక ఆచారం బయటికొచ్చింది. గీత దాటబోతున్నప్పుడు రివ్యూ మీటింగు పెడతారు. లెక్కలు మళ్ళీ చూసి, 'ఇంకా అవకాశం ఉంది' అని తేలితే గీతను పైకి జరుపుతారు. ఇది దొంగతనమేమీ కాదు, నిబంధనల్లోనే ఉంది. మొదటి అంచనాలు ఎప్పుడూ కాస్త భయంగా వేస్తారు కాబట్టి సవరించుకునే వీలు ఉంచుతారు. రఘురాం గారు తన పైల్స్ నలభై దాకా హాయిగా తట్టుకుంటాయని చూపించారు. అది నిజం. స్వప్న తన గ్రాఫులో వంపు ఊహించిన దారిలోనే పోతోందని చూపించింది. అదీ నిజమే. నేను, దడి సంగతి కాదు, దడి వెనక మట్టి సంగతి చూడండి, వదులైపోయింది, పైల్స్ మధ్య సందుల్లోంచి నీళ్ళతోపాటు కారుతోంది అన్నాను.

కిషన్‌రావు గారు చెడ్డవారు కారు. ఆయన మీద పైనుంచి ఒత్తిడి. "మూర్తి సాబ్, మీరు చెప్పేది నాకు సమజైతుంది. గని ఇద్దరు సేఫ్ అంటుండ్రు, మీరొక్కరే కాదంటున్నరు. పని ఆపితే నేనేం జవాబు చెప్పాలె?" అన్నారు. ఎర్ర గీత నలభైకి జరిగింది. నా అభ్యంతరం మీటింగు మినిట్స్‌లో రాశారు. మినిట్స్‌లో రాయడమంటే ఏమిటో ఉద్యోగం చేసినవాళ్ళకు చెప్పక్కర్లేదు.

తర్వాతి తనిఖీ రోజు రఘురాం గారు, స్వప్న, నేను కలిసి యాదయ్య గది వెనక పెరట్లోకి వెళ్ళాం. గచ్చు మీద పగులు కనిపిస్తోంది, వేలు దూరేంత. యాదయ్య తన తలమీది టోపీ తీసి చేతిలో పట్టుకుని నిలబడ్డాడు.

"సార్, మాకు లెక్కలు తెల్వయ్. ఒక్క మాట చెప్పుండ్రి. ఈడ ఉండొచ్చునా, ఉండొద్దా?" అన్నాడు.

రఘురాం గారు "గోడకేం కాలేదయ్యా, గట్టిగా ఉంది" అన్నారు. స్వప్న "లిమిట్ లోపలే ఉందన్నా" అంది. ఇద్దరూ అబద్ధం చెప్పలేదు. అతను అడిగినదానికి మాత్రం ఇద్దరూ జవాబు చెప్పలేదు. నేను "ఉండొద్దు యాదయ్యా, ఇవాళే ఖాళీ చెయ్యి" అన్నాను.

అంజమ్మ నవ్వింది. "ఏడికి పోవాలె సార్? మీ ఇంట్ల ఇంత జాగిస్తరా?" అని, నేను ముఖం చిన్నబుచ్చుకునేసరికి, "పరేషాన్ కాకుండ్రి సార్, ఊకె అన్న" అంది.

అక్కణ్ణుంచి నేరుగా అపార్ట్‌మెంటు అసోసియేషన్ ప్రెసిడెంటు గారి ఫ్లాటుకు వెళ్ళాను. భీమవరం వైపు మనిషి, ఒకప్పుడు బ్యాంకులో చేశారు. మర్యాదగా కూర్చోబెట్టారు. మేడమీద సామాన్ల గది ఖాళీగా ఉంది కదా, వానలు తగ్గేదాకా వాళ్ళను అందులోకి మార్చండి అన్నాను. "మీ మాట కాదనను గానీండీ, వాచ్‌మన్ మేడెక్కి కూర్చుంటే గేటెవరు చూస్తారండీ? పైగా మిగతా ఇద్దరు ఇంజనీర్లూ ఏం పర్లేదంటున్నారంట కదండీ. మీరు రాసివ్వండి, ఆదివారం మీటింగులో పెడతాను" అన్నారు. రాసిచ్చాను. మున్సిపల్ ఆఫీసులో ఒక కాపీ ఇచ్చి, ముద్ర వేయించుకున్నాను. నా చేతిలో ఉన్నది అంతే. అంతకు మించి ఏం చెయ్యగలిగేవాణ్ణో ఇప్పటికీ రాత్రీ పగలూ వెతుకుతూనే ఉన్నాను, దొరకలేదు. దొరికి ఉంటే కనీసం నన్ను నేను తిట్టుకునేవాణ్ణి, అదీ ఒక ఊరటే.

ఆదివారం మీటింగు కోరం లేక వాయిదా పడింది. మా సైటులో మాత్రం కోరం ఉంది, లెక్కలు మరోసారి సవరించారు, ఎర్ర గీత యాభైకి జరిగింది. తిలాపాపం తలా పిడికెడు అన్నట్టు, సంతకాలు అందరివీ ఉన్నాయి. నాది లేదు. దాని విలువెంతో చెప్పుకోను.

ఒకరోజు మధ్యాహ్నం మూడింటికి వాన దంచింది. నీళ్ళ ట్యాంకరొస్తే యాదయ్య గేటు తియ్యడానికి ముందువైపు వెళ్ళాడు. అంజమ్మ బట్టలు తడుస్తాయని పెరట్లోకి పరుగెత్తింది. దడి వెనక మట్టి పైల్స్ సందుల్లోంచి ఒక్కసారిగా గోతిలోకి జారిపోయింది. పెరడు, ప్రహరీ, గది వెనకగోడ దాంతోపాటే పోయాయి. నేను చేరేసరికి ఆవిడను బయటికి తీశారు. దవాఖానకు తీసుకుపోవాల్సిన అవసరం లేదని అంబులెన్సువాళ్ళే చెప్పారు. గోతి అడుగున బురదలో మా ఇనప టోపీ పడి ఉంది. దానికి నైలాన్ తాడు, తాడుకు ఒక దిండు గలీబు ఇంకా ఉన్నాయి. నేను ఆ అంచున నిలబడి పెద్దగా ఏడ్చాను. నా సర్వీసులో సైటు మీద ఏడవడం అదొక్కసారే.

పైల్స్ మాత్రం నిటారుగా ఉన్నాయి. ఒక్కదానికీ పగులు లేదు. సైటు ఆఫీసులో తెర మూలన 'సెన్సర్ ఫెయిల్యూర్స్: ఒకటి' అని ఎర్రగా వెలుగుతోంది. గొట్టంతోపాటు సెన్సరు పోయింది కదా, మూగబోయింది. స్వప్న ఆ తెర ముందు కుర్చీలో కూర్చుని, దాన్ని ఆపేయడం తెలియనట్టు చూస్తూ ఉంది. ఆ నెలలోనే ఉద్యోగం మానేసిందని తర్వాత విన్నాను.

విచారణకు బయటి నిపుణులు ముగ్గురిని వేశారు. వాళ్ళ నివేదికలో ఒక వాక్యం నాకు కంఠతా వచ్చు: 'షోరింగ్ వ్యవస్థలో ఫెయిల్యూర్ కనిపించలేదు.' ఏ అర్థంలో వాడుతున్నారో ముందు చెప్పమని నేను సైటు మీద పెట్టిన నియమం వాళ్ళకు వర్తించదు. రఘురాం గారి శాస్త్రం ప్రకారం ఆ వాక్యంలో ఒక్క అక్షరం తప్పు లేదు. నా శాస్త్రం ప్రకారం ఏమైందో అనుబంధంలో చిన్న అక్షరాల్లో వేశారు. నెలన్నరకు తవ్వకం మళ్ళీ మొదలైంది.

యాదయ్య బాచుపల్లిలో ఒక కాలేజీ దగ్గర సెక్యూరిటీగా చేరాడని తెలిసి వెళ్ళి కలిశాను. నన్ను చూసి లేచి నిలబడ్డాడు. కోపం లేదు, అదే నాకు భరించరానిదైంది. తన కుర్చీ నావైపు జరిపి, తనే అన్నాడు: "మీరు ఉండొద్దన్నరు సార్. వాళ్ళిద్దరు ఏం గాదన్నరు. అంజమ్మ నేను కూసొని మాట్లాడుకున్నం. ఇద్దరు చదువుకున్నోళ్ళు చెప్పినంక ఇగ ఫికర్ ఎందుకని ఉన్నం."

మేం గీత జరిపిన పద్ధతే అది. వాళ్ళూ మాలాగే లెక్కపెట్టారు.

ఆ తర్వాత రెండేళ్ళకు రిటైరయ్యాను. కొత్తగా ఈ వృత్తిలోకి వచ్చేవాళ్ళు అప్పుడప్పుడు సలహా అడుగుతారు. మాటలకు అర్థం ముందే తేల్చుకోండని ఒకప్పుడు చెప్పేవాణ్ణి. ఇప్పుడు చెప్పను. మేం తేల్చుకున్నాం, సంతకాలు కూడా పెట్టుకున్నాం, దాని వల్ల ఒక్క ప్రాణం నిలబడలేదు. గీత ఎక్కడుందని కాదు, దాన్ని జరిపే కలం ఎవరి జేబులో ఉందో చూడండంటాను. వాళ్ళు రాసుకుంటారు, వెళ్ళిపోతారు, గీతలు ఇప్పటికీ జరుగుతూనే ఉన్నాయని నాకు తెలుసు. ఇక నేను నేర్చుకున్నది ఒకటే. గోడలకు, మట్టికి, సెన్సర్లకు అభిప్రాయాలు ఎన్నయినా ఉండొచ్చు, వాటిని కూడి సగటు తియ్యొచ్చు. గోతి అంచున ఉన్న మనిషి 'ఉండొచ్చునా' అని అడిగినప్పుడు మాత్రం ముగ్గురిలో ఒక్కరు వద్దన్నా, జవాబు వద్దనే.