నిప్పుకుండతో ఇరవై నిమిషాలు

ఆ ఆటలో నేను తెల్లగడ్డం వైద్యుణ్ణి. పెళ్లికి ముందు మా ఆయన తయారుచేసుకుని కొన్నాళ్లు ఆడి వదిలేసిన పాత్ర అది. కాన్పు తర్వాత, పాప నా ఒళ్లోనే నిద్రపోయే మధ్యాహ్నాల్లో, కదిలితే ఎక్కడ లేస్తుందోనని ఒక్క చేత్తో ఫోన్ పట్టుకుని ఆడటం మొదలుపెట్టాను. ఒక రాజ్యం, దాని చుట్టూ అడవులు. అడవిలో ఆకులు ఏరాలి, మందు నూరాలి, దారిలో గాయపడ్డవాడు కనిపిస్తే నయం చేయాలి. ఎవరితోనూ మాట్లాడక్కర్లేదు. ఎప్పుడంటే అప్పుడు ఆపేయొచ్చు. నాకు కావలసింది ఆ రెండోదే.

అయితే ఆ పెద్ద ఆటలో ఇంకో చిన్న ఆట ఉంది. రోజుకు నాలుగైదుసార్లు తెర మీద గంట మోగి రమ్మని పిలుస్తుంది. ఐదుగురు కలిసి ఒక నిప్పుకుండ ఎత్తుకుని కొండ ఎక్కాలి, పైన ఉన్న దీపస్తంభం వెలిగించాలి. కొండకు అటువైపు నుంచి ఇంకో ఐదుగురు ఎక్కుతుంటారు. ముందు వెలిగించినవాళ్లు గెలిచినట్టు. ఇరవై నిమిషాలు పడుతుంది. ఐదుగురిలో ఒక్కరు మధ్యలో వెళ్లిపోయినా కుండలో నిప్పు ఆరిపోతుంది, మిగిలిన నలుగురి శ్రమ వృథా. ఆ పిలుపు వచ్చిన ప్రతిసారీ నేను 'తర్వాత' అని నొక్కేదాన్ని. ఇరవై నిమిషాలు నావి అని చెప్పగలిగే ధైర్యం పది నెలలుగా నాకు లేదు.

అప్పటికి నా సెలవు అయిపోవస్తోంది. ఆదిభట్ల క్యాంపస్‌లో ఉద్యోగం. కాన్పు సెలవు అయిపోయాక ఒకసారి పొడిగించుకున్నాను, రెండోసారి కుదరదన్నారు. ఒకటో తారీఖుకు వస్తున్నారో లేదో శుక్రవారంలోగా చెప్పమని మా మేనేజర్ మేడం మెసేజ్ పెట్టింది. కంపెనీ బస్సు మా ఇబ్రహీంపట్నం మెయిన్ రోడ్డు మీద ఏడున్నరకు ఎక్కించుకుంటే సాయంత్రం ఆరున్నరకు దింపుతుంది. పదకొండు గంటలు. పాపను పదకొండు నిమిషాలు కూడా నేను ఇంకొకరికి వదల్లేదు. జ్వరం లేకపోయినా రోజుకు రెండుసార్లు థర్మామీటర్ పెట్టేదాన్ని. నిద్రలో కదలకపోతే ముక్కు దగ్గర వేలు పెట్టి చూసేదాన్ని. ఆ వేలు తగిలి పాప లేచేది. లేచాక మళ్లీ నేనే నిద్రపుచ్చేదాన్ని.

ఇంట్లో అత్తమ్మ ఉంది. పొలం పనుల్లో బతికిన మనిషి, ఇద్దరు పిల్లల్ని పెంచింది. అయినా పాప ఆమె చేతుల్లో కాస్త ముఖం చిట్లించగానే నేను వెళ్లి తీసేసుకునేదాన్ని. ఒకరోజు ఆమె అననే అంది:

"నా చేతులల్ల ముండ్లున్నయా పిల్లా?"

నేను నవ్వాను. పాపను మాత్రం ఇవ్వలేదు.

ఆ మంగళవారం మధ్యాహ్నం మా ఆయన కొంగరకలాన్ ఫ్యాక్టరీలో డ్యూటీలో ఉన్నాడు. అత్తమ్మ వాకిట్లో కూర్చుని అనపకాయలు ఒలుస్తోంది. పాప కడుపునిండా తాగి ఆమె పక్కనే చాప మీద ఖాళీ తొక్కలతో ఆడుకుంటోంది. నా ఫోన్‌లో గంట మోగింది. ఈసారి గంట కింద ఒక మెసేజ్ కూడా ఉంది: "వైద్యుడు ఒక్కడు తక్కువున్నడు. జర రా అన్నా, అరగంట నుంచి నలుగురం కూసున్నం."

నా గడ్డం చూసి అన్నా అన్నారు. నాకు నవ్వొచ్చింది. కానీ 'తర్వాత' మీదకు పోయిన వేలు అక్కడే ఆగింది. కలిసి చేసే పనికి నువ్వు కావాలని ఇంకొక మనిషి నన్ను పిలిచి ఎన్నాళ్లయిందో గుర్తు రాలేదు. అప్పుడే నాకు నేను ఒక షరతు పెట్టుకున్నాను. ఈ ఇరవై నిమిషాలు పాపను వదిలి ఉండగలిగితే వస్తానని మేడంకు రాస్తాను. ఉండలేకపోతే ఉద్యోగం మానేస్తున్నానని ఈరోజే రాసేస్తాను. భయం ఎక్కువున్న మనుషులు ఇలాంటి పందేలు తమతో తామే కాస్తుంటారు. తప్పని తెలిసినా కాస్తారు.

కొండ ఎక్కే ఆటకు ఫోన్ సరిపోదు. అల్మారాలోంచి లాప్‌టాప్ తీశాను, హెడ్‌సెట్ దుమ్ము తుడిచాను. కాన్పుకు ముందు ఇంటి నుంచి పని చేసిన రోజుల తర్వాత మళ్లీ అదే మొదటిసారి. అత్తమ్మ గుమ్మంలోంచి చూసింది.

"ఆఫీసు పని షురూ చేసినవా?"

అవునని అనలేదు. కాదనీ అనలేదు. "ఇరవై నిమిషాలు అత్తమ్మా. ఐదుగురం ఉంటం. మధ్యల లేవరాదు."

"లేస్తే ఏమైతది?"

"మిగిలిన నలుగురి పని ఖరాబైతది."

"అంటే మునుం లెక్క." ఆమె చేతులు కొంగుకు తుడుచుకుని పాపను ఎత్తుకుంది. "పో, దిగు. నేనున్న."

నాటు వేసేటప్పుడు, కలుపు తీసేటప్పుడు ఆడవాళ్లు వరసగా దిగి, ఎవరి వెడల్పు వాళ్లు పట్టుకుని ఒకే నడకన సాగుతారు. మునుం అంటే అదే. ఒకామె లేస్తే ఆమె పట్టి వెనకే ఉండిపోతుంది, అటూ ఇటూ ఉన్నవాళ్లు తమది చేసుకుంటూ ఆమెది కూడా చేయాలి. నా ముందు లాప్‌టాప్ ఉంది కాబట్టి ఆమె దృష్టిలో అవతల ఉన్న నలుగురూ పనికి వచ్చినవాళ్లే. ఆ పొరపాటును సరిచేయడానికి ఒక్క మాట చాలు. నేను ఆ మాట అనకుండా గదిలోకి వెళ్లి తలుపు దగ్గరికి వేశాను.

హెడ్‌సెట్ పెట్టుకోగానే గొంతులు వినిపించాయి. కుండ మోసే కుర్రాడిది బొంగురు గొంతు, బడంగ్‌పేట్ నుంచట. విల్లు పట్టుకున్నది ఒక అమ్మాయి, అతన్ని ఆటపట్టించడమే ఆమె పని. మిగిలిన ఇద్దరూ పెద్దగా మాట్లాడలేదు. నా మైక్ ఆన్ అయ్యే ఉంది, నేనే మాట్లాడలేదు.

"వచ్చిండురా వైద్యుడు! పా పా, ఎత్తు."

కొండ మొదట్లోనే తోడేళ్లు. ప్రతి మనిషి తల మీదా ఒక పచ్చగీత ఉంటుంది, దెబ్బ తగిలితే అది తగ్గుతుంది. దాన్ని నింపడమే నా పని. ఎవరి గీత వెంట్రుకవాసి తగ్గినా నేను మందు పోసేశాను. రెండు నిమిషాలు గడవకముందే నా మందు సగం అయిపోయింది.

"అన్నా, గోరంత గీరుకపోతే గట్ల గుమ్మరిస్తవేంది? పైన పెద్దగాలి ఉన్నది. అక్కడికి పోయెదాక ఉంచుకో. సగం తగ్గినంక పొయ్యి."

విల్లు అమ్మాయి అంది, "వీని గీత తగ్గినా పర్వాలేదు అన్నా, పోతే పోనియ్యి."

"నేను పోతె కుండ నీ అయ్య మోస్తడా?"

చేతులు బిగబట్టుకుని, సగం దాకా ఆగడం మొదలుపెట్టాను. గీతలు తగ్గుతుంటే ఊరికే చూడటం చాలా కష్టంగా ఉంది.

ఏడో నిమిషమో ఎనిమిదో నిమిషమో, బయట పాప మొదలుపెట్టింది. ముందు మూలుగు. నేను ఏడుపుల్లో రకాలు ఎరుగుదును, అది విసుగు. తర్వాత గొంతు పెరిగింది, అది నన్ను వెతకడం. నా వైద్యుడు దారి మధ్యలో బొమ్మలా నిలబడిపోయాడు.

"అన్నా, ఆగినవేంది? ఓయ్ అన్నా!"

"ఆగురా," అంది విల్లు అమ్మాయి. "ఎవరింట్లనో పిల్ల ఏడుస్తుంది."

"నా పాప," అన్నాను.

ఆ అమ్మాయి విరగబడి నవ్వింది. "అన్న కాదురా, అక్క! గడ్డం అక్క!"

కుండ మోసే అతను నవ్వలేదు. "అక్కా, పోతవా? పోతె పో, ఏమనుకోం. నిప్పు పోతె పోయె."

అలా అనకపోయి ఉంటే బాగుండేది. తిట్టి ఉంటే తేలిగ్గా లేచి వెళ్లేదాన్ని. "ఒక్క నిమిషం" అని హెడ్‌సెట్ తీసి, ఆట ఆపకుండానే తలుపు తీశాను. అత్తమ్మ పాపను భుజాన వేసుకుని వాకిట్లో అటూ ఇటూ తిరుగుతోంది. పాప ముఖం ఎర్రబడింది. అత్తమ్మ నన్ను చూసి ఆగింది.

"ఎందుకొచ్చినవ్? అయిపోయిందా?"

"కాలే."

"మరి? ఆ నలుగురేం గావాలె?"

"ఏడుస్తుంది కద అత్తమ్మా."

"ఏడుస్తది. నాకు ఇనొస్తలేదా? చెవుడా నాకు?"

నేను చేతులు చాపాను. పాప కూడా చాపింది. అత్తమ్మ అటు తిరిగి, కాలి చెప్పు వెతుక్కుని, గేటు తీసుకుని బజారులోకి వెళ్లిపోయింది. ఏడుపు గోడ అవతల కొంత దూరం సాగి సన్నబడింది. పెద్దగా ఏడ్చిన ఏడుపు కంటే ఆ సన్నబడటమే నన్ను ఎక్కువ కలవరపెట్టింది. వెనకే పరుగెత్తవచ్చు. చెప్పులు కూడా అక్కడే ఉన్నాయి. ఎంతసేపు నిలబడ్డానో తెలియదు. తిరిగి గదిలోకి వెళ్లాను.

నలుగురూ కదల్లేదు. నా వైద్యుడి చుట్టూ నిలబడి తోడేళ్లను కొడుతున్నారు. ఒక్కొక్కరి గీత చివరి దాకా తగ్గి ఎర్రబడింది. నా గీత మాత్రం నిండుగా ఉంది.

"వచ్చినవా అక్కా? అయితే జర మందు పొయ్యి, చస్తున్నం ఈడ."

పోశాను. అప్పుడు మాత్రం ఎవరికి ముందు, ఎవరికి తర్వాత అని చేతులు తడబడలేదు. పెద్దగాలి దాటాం. కొండ ఎక్కాం. మేము స్తంభం చేరేసరికి అటువైపు దీపం వెలిగి ఉంది.

"ఓడితె ఓడినం," అన్నాడు కుండ మోసే అతను. "నిన్న సగంలనే ఆరిపోయింది. గింత దూరం రాలే."

"మళ్ల రా గడ్డం అక్కా," అంది ఆ అమ్మాయి.

నేను లాప్‌టాప్ మూయకుండానే బయటికి పరుగెత్తాను. బజారు ఖాళీ. మలుపు దాకా పోయినా ఎవరూ లేరు. ఆ కొద్ది దూరంలో నేను ఊహించుకున్నవన్నీ ఇక్కడ రాయను. మలుపు తిరిగితే కొత్తగా ప్లాట్లు చేస్తున్న చేను ఉంది. అక్కడ జేసీబీ మట్టి తవ్వుతోంది. హద్దురాయి మీద అత్తమ్మ కూర్చుని ఉంది, ఒళ్లో పాప. చెంపల మీద కన్నీళ్లు ఎండిపోయి, ముక్కు కారుతూ, నోరు తెరిచి జేసీబీనే చూస్తోంది. జేసీబీ చెయ్యి పైకి లేస్తే పాప తలా పైకి లేస్తోంది.

నన్ను చూసింది. పెదవి వంకర తిప్పి, మళ్లీ మొదటి నుంచి ఏడుపు అందుకుంది.

"సూడు," అంది అత్తమ్మ. "సల్లగ కూసున్నదాన్ని నువ్వొచ్చి ఏడిపిస్తివి."

"ఎంతసేపు ఏడ్చింది?"

"గా మలుపు దాక."

పాపను ఎత్తుకున్నాను. నా మెడ చుట్టూ చేతులు వేసి, తల మాత్రం జేసీబీ వైపే తిప్పుకుంది. ఇంటికి నడుస్తుంటే దాచుకోలేక చెప్పేశాను. "అత్తమ్మా, అది ఆఫీసు పని కాదు. ఆట."

ఆమె ఆగిపోయింది. "ఆటనా?"

"అవ్."

"ఆట కోసరమా ఇంత ఎండల పిల్లను ఎత్తుకొని తిప్పిన?" ఆమెకు నిజంగానే కోపం వచ్చింది. పది అడుగులు ముందుకు పోయి మళ్లీ ఆగింది. "గెలిచిన్రా?"

"ఓడిపోయినం."

"ఓడిపోయెటందుకా నా మనుమరాలినింత ఏడిపిస్తివి!" ఇంకొంచెం నడిచాక అడిగింది, "ఆ నలుగురు మనుషులేనా, ఉత్త బొమ్మలా?"

"మనుషులే. అందుల ఒకాయన బడంగ్‌పేటట."

"అయితె లేవకపోవుడే మంచిదాయె."

ఇంటికొచ్చి మిగిలిన అనపకాయలు ఇద్దరం ఒలిచాం. అప్పుడు చెప్పింది. మా ఆయన నెలల పిల్లాడిగా ఉన్నప్పుడు ఆమె నాట్లకు పోయేదట. పొలం గట్టు మీద చీరలతో కట్టిన ఉయ్యాలల్లో పిల్లల్ని వేసి, వంగలేని ఒక ముసలామెను వాళ్ల దగ్గర కూర్చోబెట్టేవారట. పిల్లాడు ఏడ్చినప్పుడల్లా ఈమె మునుంలోంచి లేచి గట్టుకు వచ్చేదట. మూడోసారి వచ్చినప్పుడు ఆ ముసలామె, "నువ్వే సూసుకునెటట్లుంటే నేను ఈడ ఎందుకున్న?" అని లేచి ఇంటికి పోయిందట. పిల్లలందరూ ఒక్కసారే ఏడ్చారట. ఆ రోజు నాటు సగంలోనే ఆగిందట.

"తిట్టిన్రా నిన్ను?"

"తిట్టక? నా ముందు నడిచిపోయినప్పుడల్లా తిట్టిన్రు, మర్నాడు దాక." ఆమె నవ్వింది. నాకు మాత్రం నవ్వు రాలేదు. పది నెలలుగా పాప ఏడిస్తే నా పని నేను చేస్తున్నాననే అనుకున్నాను. ఆమె చేతుల్లోంచి తీసుకున్న ప్రతిసారీ, ఆమె చేయాల్సిన పని ఒకటి నేను చెడగొడుతున్నానని తట్టలేదు. పిల్లను ఓదార్చడం కూడా కొంచెం సమయం ఇస్తేనే ఎవరికైనా చేతనవుతుంది. ఆమెకు ఆ సమయం నేనెప్పుడూ ఇవ్వలేదు.

దీంతో నా భయం పోయిందని చెప్పను. ఇది రాస్తూ కూడా రెండుసార్లు లేచి చూసి వచ్చాను. షరతు ప్రకారం నేను గెలిచానో ఓడానో కూడా సరిగ్గా తేలలేదు, మధ్యలో లేచి తలుపు దాకా వెళ్లాను కదా. మా ఆయనను అడిగితే, "నీకు పోవాలని ఉందా లేదా? గదొక్కటి చెప్పు" అన్నాడు. ఉందన్నాను. అంత తొందరగా ఆ మాట నా నోటి నుంచి వస్తుందని నేనే అనుకోలేదు.

గురువారం మధ్యాహ్నం మేడంకు మెసేజ్ రాశాను. నాలుగుసార్లు తుడిచి మళ్లీ రాశాను. చివరికి ఒకే వాక్యం మిగిలింది: ఒకటో తారీఖు నుంచి వస్తాను. పంపాక వంటింట్లోకి వెళ్లి అత్తమ్మకు చెప్పాను.

"మంచిది," అంది. "గంటగంటకు ఫోన్ చేస్తె మాత్రం ఎత్త."

"రెండుసార్లు చేస్త."

"ఒక్కసారి. పగటీలి బువ్వ తిన్నంక." తర్వాత అల్మారా పైన మూత కూడా తీయని పాలడబ్బా వైపు చూపించింది. "గిది ఎట్ల కలుపాల్నో ఇప్పుడన్న చెప్పు. రెండు నెలల సంది అడుగుతున్న, చెప్తలేవు."

డబ్బా దించాను. నీళ్లు ఎంతసేపు మరగాలో, ఎంత చల్లారాలో, ఎన్ని చెంచాలు వేయాలో చెప్పాను. ఇంకోసారి చెప్పాను. మూడోసారి మొదలుపెడుతుంటే ఆమె చెంచా నా చేతిలోంచి తీసుకుంది.

"జరుగు," అంది. "కలిపి సూపిస్త, తప్పైతె చెప్పు."

నేను పక్కకు జరిగి నిలబడ్డాను.